వంతెన ముందు రెండు బస్సులు

ఆ రూటులో మొదట ఒక్కటే బస్సు తిరిగేది. స్టాండులో బయల్దేరి, మార్కెట్టు, ఆసుపత్రి దాటి, ఏటి మీద ఇరుకు వంతెన ఎక్కి దిగి, అవతల నూలుమిల్లు గేటు దగ్గర ఆగి, కాలేజీ దాకా వెళ్ళేది. దాన్ని నడిపే మనిషికి ప్రయాణికులు పెట్టిన పేరు నిదానం. ముసలివాళ్ళు మెట్టెక్కి, కడ్డీ పట్టుకుని, సీట్లో కుదురుకున్నారని అద్దంలో చూసుకున్నాకగాని గేరు వేసేవాడు కాదు. అతని భార్యే ఆ బస్సులో కండక్టరు. చిన్నా పెద్దా అందరూ ఆమెను టికెట్టక్క అనేవారు. "మీ ఆయన బండి నడుపుతున్నాడా, జోల పాడుతున్నాడా?" అని మిల్లు ఆడవాళ్ళు ఏడిపిస్తే, "నిద్రపోండి, స్టాపు రాగానే లేపుతాను" అనేది.

ఆమె తమ్ముడికి మిల్లులో పని పోయింది. వాడికి బండి నడపడం నేర్పమని భర్తను బతిమాలింది ఆమే. నిదానం బావమరిదిని పక్కన కూర్చోబెట్టుకుని ఓపిగ్గా నేర్పాడు. వాడిది చురుకైన చెయ్యి. ఎంత రద్దీలోనైనా సూదిలో దారం ఎక్కించినట్టు బండిని దూర్చేవాడు. అందుకే తూనీగ అని పేరొచ్చింది. కొన్నాళ్ళకు తనూ ఒక బస్సు అద్దెకు తీసుకుని, వేరే రూటు దొరక్క ఇదే రూటులో దించాడు. తన భార్యనే కండక్టరుగా పెట్టుకున్నాడు. రెండు జంటలదీ ఒకే పెంకుటిల్లు. మధ్యలో గోడ, వెనక ఉమ్మడి కుళాయి.

"మన ఇంటివాడేగా. ఇద్దరికీ సరిపడా జనం ఉన్నారు" అన్నాడు నిదానం.

జనం ఉన్నమాట నిజమే. కానీ వాళ్ళు నిలబడేది బస్సు కోసం. నిదానం బస్సా, తూనీగ బస్సా అన్నది వాళ్ళకు అక్కర్లేదు. ముందొచ్చింది ఎక్కేస్తారు. యజమానికి అద్దె కట్టి, డీజిలు పోను మిగిలిందే ఈ నలుగురి కూలి. ముందెళ్ళిన బస్సుకు స్టాపు నిండా జనం, వెనకొచ్చిన బస్సుకు ఖాళీ బెంచీ. మొదట తూనీగ రవ్వంత ముందు బయల్దేరడం మొదలుపెట్టాడు. అది చూసి నిదానం మరి కాస్త ముందు బయల్దేరాడు. తర్వాత ఇద్దరూ స్టాపుల్లో పూర్తిగా ఆపడం మానేశారు. బండి కదులుతుండగానే ఎక్కాలి, కదులుతుండగానే దూకాలి. నిదానం అన్న పేరు ఎగతాళిగా మిగిలింది.

అసలు గొడవ వంతెన దగ్గర. దాని మీద ఒక్క బస్సే పడుతుంది. అవతల మిల్లులో షిఫ్టు మారే వేళకు గేటు బయట జనం కిటకిటలాడుతుంటారు. వంతెన ముందెక్కినవాడిదే ఆ జనమంతా.

ఆ రోజు ఆసుపత్రి స్టాపులో ఒక పెద్దాయన దిగుతున్నాడు. ఒక కాలు నేల మీద, ఒక కాలు మెట్టు మీద ఉండగా బస్సు కదిలింది. టికెట్టక్క "హోల్డాన్" అని అరుస్తూ ఆయన భుజం పట్టుకుంది. ఆయన తూలుతూ ఎలాగో దిగాడు. ఆ కేక నిదానానికి వినబడింది. వినబడినా ఆపలేదు. అద్దంలో తూనీగ బస్సు పెద్దదవుతోంది.

మలుపు తిరిగేసరికి రెండు బస్సులూ పక్కపక్కకు వచ్చాయి. తూనీగ బస్సు తలుపులో అతని భార్య కడ్డీని వాటేసుకుని నిలబడి ఉంది. నిదానం కిటికీలోంచి చెయ్యి చాపితే ఆమెకు తగిలేలా ఉంది. వంతెన దగ్గర పడుతోంది. రెండు బస్సుల్లోనూ మాటలు ఆగిపోయాయి. ఎవరో దేవుణ్ణి తలుచుకున్నారు. నిదానం ఎదురుగా చూస్తున్నాడు. తూనీగ కూడా అంతే. ఇద్దరి కాళ్ళూ ఆక్సిలరేటరు మీదే బిగుసుకుపోయి ఉన్నాయి.

ఆఖరి క్షణంలో తూనీగ బ్రేకు తొక్కాడు. అతని బస్సు పక్కకు జారి వంతెన మొదట్లో ఉన్న రాతి దిమ్మెకు గుద్దుకుంది. అద్దాలు గలగలా రాలాయి. నిదానం బస్సు వంతెన మీదికి దూసుకుపోయింది.

టికెట్టక్క గంట తాడు తెగేలా లాగింది. వంతెన దిగాక, మిల్లు గేటు దగ్గర బస్సు ఆగగానే దూకి వెనక్కి పరుగెత్తింది. ఎదురుగా జనం బస్సెక్కడానికి తోసుకొస్తుంటే వాళ్ళను తప్పించుకుంటూ వంతెన దాటింది.

ఎవరి ప్రాణానికీ ముప్పు రాలేదు. తూనీగ స్టీరింగు మీద నుదురు ఆనించి కూర్చున్నాడు.

"అక్కా, నేను బ్రేకు వెయ్యకపోయుంటే?"

"అందరం ఏట్లో ఉండేవాళ్ళం."

"రేపు వెయ్యను" అన్నాడు తలెత్తకుండానే. "వేసినవాడికి దిమ్మె, వెయ్యనివాడికి మిల్లు. ఇదేగా నేను నేర్చుకున్నది?"

ఆమె బస్సులో వెనక్కి నడిచింది.

వెనక సీట్లో ఒకావిడ ఎడమ చేతిని ఒళ్ళో పెట్టుకుని, పళ్ళు బిగబట్టి కూర్చుంది. రోజూ కాలేజీ దాకా వచ్చే లెక్చరరు, ఆర్థికశాస్త్రం చెబుతుంది. మణికట్టు విరిగినట్టుంది. టికెట్టక్క ఆమెను నడిపించుకుని ఆసుపత్రి వైపు తీసుకెళ్తుంటే, దారిలో ఆమె నొప్పిలోనే నవ్వడానికి ప్రయత్నించింది.

"ముందు ఎవరు భయపడతారో చూసే ఆట ఇది. ఏటా క్లాసులో చెప్తాను. ఆ ఆటలో నేనే సీటు కొనుక్కుని కూర్చుంటానని అనుకోలేదు."

ఆ సాయంత్రం ఇంట్లో గోడకు ఇటు ఒక మాట, అటు ఒక మాట. "వాడు బ్రేకేస్తాడని నాకు తెలుసు" అన్నాడు నిదానం.

"మీరేస్తారని వాడనుకుంటే?"

అతను గోడకు ఆనుకుని కూర్చుని, "నేను తగ్గితే వాడు తగ్గుతాడా? నేను నెమ్మదిగా వెళ్తే మిల్లు దగ్గర నాకు మిగిలేది వాడి పొగే" అన్నాడు. అది కూడా అబద్ధం కాదని ఆమెకు తెలుసు. ముందు నుయ్యి, వెనక గొయ్యి.

చేతికి కట్టుతో లెక్చరరు మళ్ళీ బస్సెక్కిన రోజున టికెట్టక్క ఆమె పక్కన కూర్చుని, "మేడం, మీ క్లాసులో ఆ ఆట ఆపడం కూడా చెప్తారా?" అని అడిగింది.

"వాళ్ళిద్దర్నీ ఒకసారి నా దగ్గరికి తీసుకురాగలవా?"

తూనీగ బస్సు అప్పటికి బాగై వచ్చింది. మధ్యాహ్నం రెండు బస్సులూ కాలేజీ దగ్గర కాసేపు ఆగుతాయి. బావాబావమరుదుల్ని టికెట్టక్క ఒక ఖాళీ క్లాసురూములోకి లాక్కొచ్చింది. ఇద్దరూ విద్యార్థుల బెంచీల్లో మోకాళ్ళు పట్టక అవస్థపడుతూ, ఒకరి మొహం ఒకరు చూడకుండా కూర్చున్నారు. వాళ్ళ భార్యలిద్దరూ తలుపు దగ్గర నిలబడ్డారు. లెక్చరరు బల్ల మీద పిప్పరమెంటు బిళ్ళల పొట్లం విప్పింది.

"చేతులు బల్ల కింద పెట్టుకోండి. నేను 'ఊఁ' అనగానే పైకి తియ్యండి. ఇద్దరూ చెయ్యి చాపితే చెరి మూడు బిళ్ళలు. ఒకరు చాపి, ఒకరు పిడికిలి బిగిస్తే, బిగించినవాళ్ళకి అయిదు, చాపినవాళ్ళకి సున్నా. ఇద్దరూ బిగిస్తే చెరొకటి."

"మేం చిన్నపిల్లలమా?" అన్నాడు నిదానం.

"చిన్నపిల్లలైతే ఈ ఆట బాగా ఆడతారు" అంది ఆమె. "ఊఁ."

నిదానం చెయ్యి చాపాడు. తూనీగ పిడికిలి బిగించాడు.

"పెద్దవాణ్ణి కదా అని చాపాను" అన్నాడు నిదానం.

"మీరు చాపుతారనే బిగించాను బావా."

రెండోసారి ఇద్దరివీ పిడికిళ్ళే. మూడోసారీ అంతే. తర్వాత ఎన్నిసార్లు "ఊఁ" అన్నా బల్ల మీదికి వచ్చినవి పిడికిళ్ళే. మధ్యలో ఒకసారి తూనీగ, ఏమనుకున్నాడో, చెయ్యి చాపాడు. నిదానం పిడికిలి చూసి ఠక్కున వెనక్కి లాక్కున్నాడు. ఆ తర్వాత ఇద్దరి దవడలూ బిగుసుకున్నాయి. బిళ్ళలు గుర్తులేవు, వంతెనే గుర్తుంది.

ఆట ఆపేటప్పటికి ఇద్దరి ముందూ చిన్న చిన్న కుప్పలు. పొట్లం మాత్రం నిండుగా లెక్చరరు దగ్గరే ఉంది.

"ఇందులో చాలావరకు మీకు రావలసింది" అంది ఆమె. "మీరు చెడ్డవాళ్ళని నేనను. ఎదుటివాడు చాపినా బిగించినా, మీకు బిగించడమే మేలనిపిస్తుంది. ఇద్దరికీ అలాగే అనిపిస్తుంది. అందుకే ఇద్దరూ నష్టపోతారు. పెద్ద పెద్ద వ్యాపారాలు, ఊళ్ళకు ఊళ్ళే ఇలాగే ఇరుక్కుపోతాయి."

"అయితే మమ్మల్నేం చెయ్యమంటారు?" అన్నాడు తూనీగ.

"బుద్ధిగా ఉండమని చెప్తే ఉండలేరు. ఇప్పుడే చూశాం. ఆట రూలు మారాలి."

తలుపు దగ్గర నుంచి టికెట్టక్క, "రెండు బస్సుల డబ్బూ ఒకే డబ్బాలో వేద్దాం. వారం చివర చెరిసగం. అప్పుడు మిల్లు జనం ఎవరి బస్సెక్కితే ఏంటి?" అంది.

మగవాళ్ళిద్దరూ మొదటిసారి ఒకర్నొకరు చూసుకున్నారు. లెక్చరరు మాత్రం వెంటనే తలూపలేదు. "పరుగు ఆగుతుంది. కానీ ఇంకో చిక్కు రావచ్చు. కష్టపడినా పడకపోయినా సగం వస్తుందంటే ఏమవుతుందో చూసుకోండి."

ఆ మాట అప్పుడెవరికీ పట్టలేదు.

డబ్బా పెట్టాక కొన్ని వారాలు హాయిగా నడిచింది. పెద్దవాళ్ళు కూర్చున్నాకే బండి కదిలేది. రెండు బస్సులూ వంతు ప్రకారం బయల్దేరేవి. మిల్లు ఆడవాళ్ళు మళ్ళీ జోల గురించి హాస్యాలాడారు. ఆ తర్వాత ఎండలు ముదిరాయి. మధ్యాహ్నం ట్రిప్పులకు తూనీగ బస్సు కనబడడం మానేసింది. అడిగితే రేడియేటరు అనేవాడు, టైరు అనేవాడు. చెట్టు కింద బండి ఆపి సీటు మీద కాళ్ళు చాపుకుని పడుకున్నాడని ప్రయాణికులే చెప్పారు. డబ్బాలో అతను వేసేది రోజురోజుకూ పలచబడింది. సగం మాత్రం సగమే తీసుకునేవాడు.

ఒకరోజు కుళాయి దగ్గర నిదానం నిలదీశాడు. "బండి చెడిందని మీ చెల్లెమ్మ కూడా చెప్తోంది బావా, ఆవిడనే అడగండి" అన్నాడు తూనీగ.

"పిల్లికి ఎలుక సాక్ష్యం. టికెట్లు ఎన్ని కొట్టిందో, డబ్బాలో ఎన్ని వేసిందో ఎవరు చూశారు?"

నోరు జారిందని నిదానానికి వెంటనే తెలిసింది. కానీ మాట అప్పటికే దాటిపోయింది. అక్కడే నీళ్ళు పడుతున్న తూనీగ భార్య, టికెట్టక్కకు మరదలు, బిందె కింద పెట్టింది.

"నాకు చేతివాటం ఉందంటున్నారా అన్నయ్యా?" అంది. గొంతు పెంచలేదు. ఆమె లోపలికి వెళ్ళాక, గుక్కపట్టి ఏడుస్తున్న చప్పుడు గోడ ఇవతలికి వినబడింది.

"రేపటి నుంచి ఎవరి డబ్బా వాళ్ళది" అన్నాడు తూనీగ. "వంతెన దగ్గర కలుద్దాం."

నిదానం "అలాగే కానీ" అన్నాడు.

టికెట్టక్క లెక్క వేసుకుంది. ఒకడు వంతెన దగ్గర, ఒకడు డబ్బా దగ్గర, ఇద్దరూ ఒకసారి ఓడినవాళ్ళు. ఈసారి ఎవరూ బ్రేకు వెయ్యరు. ఆమె ఇటు భర్తనూ బతిమాలలేదు, అటు తమ్ముణ్ణీ తిట్టలేదు. గోడ అటువైపు వెళ్ళి మరదలి పక్కన చాప మీద కూర్చుంది. నెమ్మదిగా అడిగింది.

"అమ్మాయ్, నిజం చెప్పు. డబ్బు నువ్వు ముట్టుకోలేదని నాకు తెలుసు. ట్రిప్పులు ఎగ్గొట్టింది వాడేనా?"

మరదలు కళ్ళు తుడుచుకుని తలూపింది. "నా మొగుడు కదా వదినా. పదిమందిలో ఎలా చెప్పను?"

"అదే. నీ మొగుణ్ణి నువ్వు చెప్పలేవు. నా మొగుణ్ణి నేను చెప్పలేను." టికెట్టక్క ఆమె చెయ్యి పట్టుకుంది. "రేపు నువ్వు నా బస్సెక్కు. నేను నీ బస్సెక్కుతాను."

మరదలు ముందు భయపడింది. "నన్ను దొంగ అన్న మనిషి బస్సులోనా?"

"ఆ బస్సులోనే. నువ్వెలా టికెట్లు కొడతావో కళ్ళారా చూడనీ."

పొద్దున్న మగవాళ్ళిద్దరూ ఇంతెత్తున లేచారు. ఆడవాళ్ళు ససేమిరా అన్నారు. మొగుడి బస్సు ఎక్కేది లేదు, కావాలంటే టికెట్లు మీరే కొట్టుకోండన్నారు. నడుపుతూ టికెట్లు కొట్టడం ఎవరి తరమూ కాదు. గొణుక్కుంటూనే బండ్లు తీశారు. డబ్బా సంగతి ఎవరూ ఎత్తలేదు.

తూనీగ బస్సు ముందు బయల్దేరింది. టికెట్టక్క మార్కెట్టు జనానికి టికెట్లు కొడుతూ, వాడి మెడ నరాలు బిగుసుకోవడం వెనక నుంచి చూస్తూనే ఉంది. ఆసుపత్రి దగ్గర ఒక బాలింత ఎక్కుతోంది. బిడ్డను చేతులు మార్చుకుని ఆమె కూర్చునేదాకా టికెట్టక్క "రైట్" చెప్పలేదు. ఆలోగా వెనక నుంచి హారను మోగింది. నిదానం బస్సు వచ్చేసింది.

తూనీగ ఆక్సిలరేటరు తొక్కాడు.

ఈసారి కుడివైపు నుంచి ముందుకొచ్చింది నిదానం బస్సు. మలుపు దాటేసరికి రెండు బస్సులూ మళ్ళీ పక్కపక్కన ఉన్నాయి. టికెట్టక్క సీట్ల కడ్డీలు పట్టుకుంటూ ముందుకు నడిచి, డ్రైవరు సీటు వెనక నిలబడింది. హోల్డాన్ అనలేదు. అంటే వాడు ఆపడని తెలుసు. కిటికీ చువ్వ మీద చెయ్యి వేసి, పక్క బస్సు వైపు చూస్తూ నిలబడిపోయింది.

తూనీగ ఒక్కసారి కుడివైపు చూశాడు. బావను చూద్దామనే చూశాడు. అతనికి కనబడింది తన భార్య. పక్క బస్సు తలుపులో, కిందటిసారి లాగే, రెండు చేతులతో కడ్డీని వాటేసుకుని ఉంది. గాలికి జుట్టు మొహం మీద పడుతోంది. కళ్ళు గట్టిగా మూసుకుంది. కిందటిసారి ఆమె తన వెనకాల ఉంది, తను చూడలేదు.

వంతెన దగ్గరకొచ్చేసింది.

"అక్కా" అన్నాడు.

ఆమె చూపు పక్క బస్సు మీదే ఉంది. మరదలి భుజం మీదుగా, ఆ బస్సు లోపల, నిదానం తలతిప్పి తన వైపే చూస్తున్నాడు. అతని మొహం పాలిపోయి ఉంది.

ఇద్దరిలో ఎవరు ముందు బ్రేకు వేశారో ఆ తర్వాత ఎవరూ తేల్చలేకపోయారు. టైర్లు కీచుమన్నాయి. రబ్బరు కాలిన వాసన వచ్చింది. బాలింత బిడ్డను గుండెలకు అదుముకుంది. రెండు బస్సులూ వంతెనకు ఇవతల, పక్కపక్కన, ఊగి ఊగి ఆగాయి.

మరదలు కళ్ళు తెరిచింది. నిదానం ఇటు వంగి, "నువ్వెళ్ళరా" అన్నాడు.

"మీరు వెళ్ళండి బావా."

"వెళ్ళమంటుంటే."

ఇద్దరూ కదల్లేదు. వెనక బండ్లవాళ్ళు హారన్లు మోగిస్తున్నారు. వెళ్ళాక రెండోవాడు ఏం చేస్తాడోనన్న అనుమానం ఇంకా ఇద్దరి కళ్ళలోనూ ఉంది. టికెట్టక్క కిటికీలోంచి తల బయట పెట్టింది.

"ఇవాళ మీరు ముందు. రేపు మేం ముందు. ఎల్లుండి మళ్ళీ మీరు. అమ్మాయ్, రైట్ చెప్పు."

మరదలు "రైట్ రైట్" అంది. ఆ మాట ఏడుపూ నవ్వూ కలిసి వచ్చింది.

ఆ సాయంత్రం నిదానం కుళాయి దగ్గర నిలబడి, "చెల్లెమ్మా, నిన్న అలా అన్న నాది నోరు కాదు, తాటిమట్ట" అన్నాడు. డబ్బా మళ్ళీ ఇంటి మధ్య గోడ గూట్లోకి వచ్చింది. ఆడవాళ్ళు మాత్రం తిరిగి మొగుళ్ళ బస్సులకు మారలేదు. ఎండవేళ తూనీగ చెట్టు కింద బండి ఆపితే, అక్క వెనక సీట్లో చేతులు కట్టుకుని కూర్చుని వాడి నడినెత్తి వైపే చూసేది. ఆ చూపు కింద ఏ మనిషికీ నిద్ర పట్టదు. "మా అమ్మ కూడా ఇంత కాపలా కాయలేదు" అని గొణుగుతూ బండి తీసేవాడు. నిదానం స్టాపులో ఆపకపోతే మరదలు ఇంటికొచ్చి వదినతో చెప్పేది. కొన్నాళ్ళకు చెప్పవలసిన అవసరమే లేకుండా పోయింది.

ఇదంతా విని లెక్చరరు, "కొట్లాడుకునే రాజులు వెనకటికి ఒకరి పిల్లల్ని ఒకరి కోటలో ఉంచుకునేవారట. మీరు బస్సులో ఉంచారు" అని పొంగిపోయింది. తర్వాత ఒక మాట అడిగింది. "మీరు చుట్టాలు కాబట్టి కుదిరింది. చుట్టం కానివాడు వస్తే?"

ఏడాది తర్వాత వచ్చాడు. ఎర్ర బస్సు, కొత్త డ్రైవరు, ఎవరికీ ఏమీ కాడు. వచ్చిన రోజు నుంచే వీళ్ళ వంతుకు కాస్త ముందు బయల్దేరి మిల్లు జనాన్ని ఊడ్చుకుపోయాడు. తూనీగ పాదం దురద పెట్టింది. "ఒక్కసారి అక్కా, ఒక్కసారి చూపిస్తాను వాడికి."

"వేగం పెంచేది లేదు" అంది ఆమె. "కానీ ఊరుకోవద్దు."

ఎర్ర బస్సుకు కాస్త ముందు నిదానం, కాస్త వెనక తూనీగ బయల్దేరడం మొదలుపెట్టారు. అతను వంతు మార్చినప్పుడల్లా వీళ్ళూ మార్చారు. ఎవరూ పరుగెత్తలేదు. అతనికి మాత్రం ప్రతి స్టాపులోనూ ఖాళీ బెంచీలే ఎదురయ్యాయి. కొద్ది రోజులకు అతను స్టాండులో టీ గ్లాసుతో వచ్చి టికెట్టక్క ఎదురుగా నిలబడ్డాడు. కళ్ళు లోతుకుపోయి ఉన్నాయి.

"నా నోట్లో మట్టి కొడుతున్నారు."

"నువ్వు మొదలుపెట్టావు" అంది ఆమె. "మా డబ్బాలో చేరు. మూడు వాటాలు."

అతను నవ్వాడు, ఆ నవ్వులో నమ్మకం లేదు. "మీరందరూ ఒక ఇంటివాళ్ళు. ఆ డబ్బా ఉండేది మీ ఇంట్లో. నన్ను ముంచరని ఏంటి ధైర్యం?"

తూనీగ ఏదో అనబోతే ఆమె చెయ్యెత్తి ఆపింది. అడిగింది న్యాయమైన ప్రశ్నే. నడుముకు దోపుకున్న డబ్బా తాళంచెవి తీసి అతని చేతిలో పెట్టింది.

"డబ్బా మా ఇంట్లో, తాళంచెవి నీ దగ్గర. నువ్వు లేకుండా మేం తియ్యలేం, మేం లేకుండా నువ్వు తియ్యలేవు. రేపటి నుంచి నేను నీ బస్సులో ఎక్కుతాను. నీ కండక్టర్ని మా తమ్ముడి బస్సులోకి పంపు."

నిదానం దగ్గరకొచ్చి చిన్నగా, "ఎవడో తెలీదు, ఏంటిది?" అన్నాడు.

"తెలుసుకుందామనే" అంది ఆమె.

కొత్తతను ఆ తాళంచెవిని రెండువైపులా తిప్పి చూశాడు. జేబులో వేసుకుని, పైనుంచి ఒకసారి తడిమి చూసుకున్నాడు. అప్పటికి అతని బస్సు బయల్దేరే వంతు రాలేదు. బెంచీ మీద ఆమెకు కాస్త ఎడంగా కూర్చుని, టీ తాగుతూ, తన వంతు వచ్చేదాకా ఆగాడు.